కర్రకు తగిలి ఆగిన సీసా

నంద్యాలలో ఆళ్లగడ్డ బస్సెక్కి నా పక్కన కూర్చున్నాడాయన. నల్ల కళ్లద్దాలు, చేతిలో తెల్ల కర్ర. అంధుల క్రికెట్‌లో దేశం తరఫున బ్యాటింగ్ చేశాననీ, ఇప్పుడు ప్లాస్టిక్ వైరుతో కుర్చీలు అల్లుతున్నాననీ చెప్పాడు.

ముందు సీటు పెద్దమనిషి వెనక్కి తిరిగి నవ్వాడు. "కండ్లు కనపడకుండా యాడ ఆడినావప్పా? బాలు నీకు చెప్పి వస్తాదా?"

"చెప్పే వస్తాదన్నా. లోపల గుండ్లుంటాయి, గలగలమంటాది."

అతను ఇంకా పెద్దగా నవ్వాడు. నాకు ఒళ్లు మండింది. "నువ్వేం ఆడినావప్పా, పేకాటా? నోరు మూసుకొని ముందుకు తిరుగు" అన్నాను.

ఇంతలో స్పీడ్ బ్రేకర్ మీద బస్సు ఎగిరిపడింది. ఆ పెద్దమనిషి స్టీలు నీళ్ల సీసా కిందపడి మా వైపు దొర్లింది. పక్కాయన తల కొంచెం వంచి, చప్పుడు విని, కర్ర అడ్డం పెట్టాడు. సీసా సరిగ్గా దానికే తగిలి ఆగింది.

"నీదేనా అన్నా? తీసుకో."

అతను తీసుకున్నాడు. తప్పయిందని ఒక్క మాటైనా అనలేదు. అతని మీద నాకిప్పటికీ కోపమే. అంతకన్నా నా మీద ఎక్కువ. ఆయన తరఫున అంత గొంతు చేసుకున్నదాన్ని, ఆ సీసా ఆగేదాకా నేనూ ఆయన మాట నమ్మలేదు.