రాని ఖబరు

1972 వేసవిలో నన్ను ఉప్పుగూడ పంపారు. విలేకరి ఉద్యోగం మాని, ప్రభుత్వానికి లఘుచిత్రాలు తీసిపెట్టే ఒక సంస్థలో దర్శకుడిగా చేరి అప్పటికి ఏడాది కాలేదు. డిసెంబరులో ముగిసిన యుద్ధం సైనికుల కుటుంబాలకు ఏం మిగిల్చిందో చూపించాలన్నది పని.

రైల్వేలో గ్యాంగ్‌మన్‌గా చేసి దిగిపోయిన మల్లయ్య ఇల్లు స్టేషన్ వెనకాల. కొడుకు శంకర్ సిపాయి. సైన్యం లెక్కలో అతను ‘మిస్సింగ్’. అంటే పోయినట్టు కాదు, ఉన్నట్టూ కాదు. అవతలి దేశానికి చిక్కిన ఖైదీల వివరాలు ఇంకా పూర్తిగా తేలలేదు. శంకర్ భార్య యాదమ్మ బొట్టూ గాజులూ తీయలేదు. షూటింగుకు ముందు ఒక్కటే అడిగింది.

“సార్, సచ్చిపోయిండని మాత్రం పెట్టకున్రి. దినాలు చెయ్యమని కులపోళ్లు మా మామ పానం తీస్తున్నరు. నా గాజులు తీపిస్తరు.”

పెట్టనని మాటిచ్చాను.

మా కెమెరా శబ్దం పట్టదు. మాటలు విడిగా టేపు మీద ఎక్కించి, ఎడిటింగులో బొమ్మకు జోడించేవాళ్లం. ఆయన వస్తాడనుకుంటున్నావా అని అడిగితే యాదమ్మ చాలాసేపు తలవంచుకుని కూర్చుంది. కెమెరాలో ఫిల్మ్ అయిపోయింది. టేపు మాత్రం తిరుగుతోంది. అప్పుడంది, “రాక యాడికి పోతడు?”

అలా బొమ్మకు మౌనం దక్కింది, జవాబు టేపులో ఉండిపోయింది. మా పై అధికారి చూసి, మనిషి ఉన్నాడో లేడో తేల్చకపోతే చూసేవాడికి పట్టు దొరకదన్నారు. ఆయన ఒత్తిడి వల్లే అలా చేశామని ఇన్నాళ్లూ చెబుతూ వచ్చాను. ఆయన అన్నది అంతవరకే. ‘దేశం కోసం ప్రాణమిచ్చిన శంకర్’ అని కామెంటరీ రాసింది నేను. ఆ మౌనం మీద అది చక్కగా అతికింది. ఆమె మాట ఉన్న టేపు ముక్కను కత్తిరించి పారేశాను.

అప్పట్లో హాళ్లలో అసలు సినిమాకు ముందు ఇలాంటి చిత్రం వేయాల్సిందే. ఇంటివాళ్లు తెర మీద కనబడతారని మల్లయ్య గల్లీ అంతటినీ మ్యాట్నీకి తీసుకుపోయాడట. సంగతి తెలిసి నేను వెళ్లేసరికి దినాలు కూడా అయిపోయాయి. గుండుతో అరుగు మీద కూర్చున్న మల్లయ్య నన్ను చూసి లేచి దండం పెట్టాడు.

“మిలిట్రోళ్లు చెప్పకపోయినా మీరన్న చెప్పిన్రు సారూ. సర్కారు బొమ్మల అబద్ధం ఉంటదా?”

మంచినీళ్లు తెస్తానని పెరట్లోకి వెళ్లాడు. యాదమ్మ గడప లోపల నిలబడి ఉంది. చేతులు బోసిగా ఉన్నాయి.

“మీకు ఖబర్ ఎప్పుడొచ్చింది సార్? ఎవరు జెప్పిన్రు?”

ఏ ఖబరూ రాలేదన్నాను. పెరటి వైపు చెయ్యి చూపింది.

“గా మాట మా మామకు చెప్పున్రి. నేను జెప్తె నమ్మడు.”

మల్లయ్య చెంబు అందించాడు. తాగాను. ఆఫీసులో కనుక్కుని చెబుతానని లేచి వచ్చేశాను. మళ్లీ ఆ ఇంటికి వెళ్లలేదు.

సైన్యం ధ్రువీకరించాకే ఆ చిత్రం తీశామని తర్వాత కొందరు రాశారు. నేను దిద్దలేదు. పోయినేడు ఉద్యోగం వదిలాను కనుక ఇప్పుడు రాస్తున్నాను: చిత్రం విడుదలయ్యేనాటికి మాకు ఏ ధ్రువీకరణా అందలేదు.

పత్రికలో తప్పు పడితే మర్నాడు సవరణ వేసేవాళ్లం. సినిమాకు ఆ వీలు లేదు. ప్రింట్లు ఊరూరా తిరుగుతూనే ఉంటాయి. అందుచేత తెలియనిదాన్ని తెలియదనే తెర మీద చెప్పాలి. చెప్పనప్పుడు, ఆ ఇంటి అరుగు మీద కూర్చునైనా చెప్పాలి. నేను రెండూ చేయలేదు.