ఈగల నెల నలభై ఆరో తారీఖు

మా చిన్నప్పుడు... మెదక్‌ల మా ఇంటికి, షాహిన్ వాళ్ళింటికి నడుమ ఒకటే గోడ. పొద్దుగూకే యాళ్లకు నేను మా డాబా ఎక్కేది, అది వాళ్ళ డాబా ఎక్కేది. నడుమ పిట్టగోడ మీద ఒక నోట్‌బుక్కు. గా నోట్‌బుక్కుల మా రాజ్యం ఉండె... పేరు మబ్బుకోట. ఐదో తరగతి అప్పుడు మేం.

మబ్బుకోటల మనుషులు కొంగల మీద ఎక్కి తిరుగుతరు. రాజ్యం ఉంటె సరిపోతదా, క్యాలెండరు వద్దా? మా నానమ్మ గోడ క్యాలెండరుల తిథులు చూస్తుండె. షాహిన్ వాళ్ళింట్ల చాంద్, గదే నెలవంక, కనబడితెనే కొత్త నెల. మేం రెండూ కలిపి మాది ఒకటి తయారు చేసినం. ఏడాదికి తొమ్మిది నెలలు... పతంగుల నెల, ఈగల నెల, చింతపూత నెల... గిట్ల. వారానికి ఆరే రోజులు. సోమవారం తీసేసినం... సోమవారం లెక్కల టెస్టు ఉంటుండె మరి!

రెండు కానూన్లు పెట్టుకున్నం. అమాస పోయినంక నెలవంకను ఇద్దరం చూస్తెనే నెల మారినట్టు... ఒక్కరు చూస్తె చెల్లదు. ఇంగ క్యాలెండరుల పెన్నుతోని రాసింది జరిగి తీరాలె, కొట్టేయొద్దు.

రాణి అయ్యేది వంతులవారీ. ఈగల నెల నా వంతు. షాహిన్ దిగనంటె దిగనన్నది. "నీకు హుకుం చేసుడు రాదే" అని నవ్వింది గూడ. నాకు అరికాలి మంట నెత్తికెక్కింది. అది కిందికి పోయినంక పెన్ను తీస్కొని, వచ్చే నెల గడులల్ల... చింతపూత నెల మూడో తారీఖు కాడ "రాణి చచ్చిపోయింది" అని రాసిన. కోపం చల్లారింది. పోయి అన్నం తిని పండుకున్న.

రెండు రోజులకే షాహిన్‌కు జెరం వచ్చింది. సూదులేసినా దిగలే. జీపుల ఏసుకొని హైదరాబాద్ తీస్కపోయిండ్రు. వాళ్ళ అబ్బా టైలర్ దుకాణం షట్టర్ మూతపడ్డది. వాళ్ళమ్మను నేను ఖాలా అంటుంటి... ఖాలా నన్ను చూసి కండ్లు తుడుచుకుంట జీపెక్కింది.

నా పానం గుంజింది. నోట్‌బుక్కు తెరిస్తె గా అక్షరాలు గట్లనే ఉన్నయి. కొట్టేద్దామంటె కానూను... కొట్టేస్తె ఇంకేమైతదో అని బుగులు. ఒక్కటే దారి కనబడ్డది. చింతపూత నెలను రానియ్యొద్దు. నేను నెలవంకను చూడకుంటె నెల మారదు గద!

గంతే... అమాస పోయిన మర్నాటి సంది తల దించుకొని తిరుగుడే. డాబా ఎక్కుడు బందు. కిరాణా దుకాణానికి పంపితె కాళ్ళ దిక్కు చూసుకుంట ఉరుకుతుంటి. చూడొద్దన్నది నెలవంకనే గని, ఎందుకన్నా మంచిదని నిండు చందమామను గూడ చూడలే.

"ఏమైందే పిల్లా... మెడ పట్టిందా?" అని నానమ్మ నువ్వుల నూనె కాసి రుద్దింది. నేను ఏడుస్తుంటె నొప్పికని ఇంకా గట్టిగ రుద్దింది!

గడులు అయిపోయినయి. అంచుల మీద రాసుకుంట పోయిన... ఈగల నెల ముప్పై ఒకటి, ముప్పై రెండు, ముప్పై మూడు... వాడకట్టుల ఒకటే ముచ్చట్లు. "రక్తం ఎక్కిస్తున్నరంట..." "డాక్టర్లు ఏం చెప్తలేరంట..." ఎవరన్న షాహిన్ పేరెత్తితె లేసి లోపలికి పోతుంటి. అన్నం సయిస్తలేదు. ఎవరికి చెప్పుకోవాలె? చెప్తె "నువ్వే చేసినవా?" అంటరు. నేనే చేసిన అనుకుంటున్న మరి.

నలభై ఆరో తారీఖు నాడు బడికెల్లి వస్తుంటె టైలర్ దుకాణం షట్టర్ సగం లేసి ఉన్నది. బ్యాగు మా గడప కాడ ఇసిరేసి వాళ్ళింట్లకు ఉరికిన. షాహిన్ మంచం మీద కూసున్నది... చేతులు పుల్లలైనయి, తలకు రుమాలు. నన్ను చూసి అడిగిన మొదటి మాట, "చింతపూత నెల ఎన్నో తారీఖే ఇయ్యాల?"

నేను బోరున ఏడ్చిన. అంతా చెప్పేసిన.

దాని మొఖం మాడిపోయింది. "నన్ను చంపినవా?"

"నెల రానియ్యలే గదనే... నేను చూడనే లేదు."

"నేను చూసిన. దవాఖాన కిటికీలకెల్లి అమ్మీ చూపించింది. నువ్వు గూడ చూసే ఉంటవని లెక్క పెట్టుకున్న." వేళ్ళు మడుచుకుంట మూడో ఏలు కాడ ఆగింది. "గా రోజే మస్తు సీరియస్ అయిందంట నాకు... అబ్బాను గూడ లోపలికి పిలిచిండ్రంట."

షాహిన్ మడిచిన వేళ్ళు ఒక్కొక్కటే ఇప్పింది. మెల్లగ అన్నది... "నువ్వు చూడలేదు గద. గందుకే కావచ్చు."

అన్నది గని, రెండు రోజులు నాతోని మాట్లాడలే. మూడో నాడు నోట్‌బుక్కు అడిగి తీస్కొని, "రాణి చచ్చిపోయింది" పక్కన "మళ్ళ లేచింది" అని రాసిచ్చింది. కొట్టేయొద్దన్నం గని, పక్కన రాయొద్దనలే గద! గన్ని రోజులు బుగులుతోని సచ్చిన నాకు గది తోచనే లేదు.

ఇప్పుడు షాహిన్ జహీరాబాద్‌ల ఉంటది. మొన్న ఫోన్ చేసింది. ఖాలాకు గుండె ఆపరేషన్ అంట... "వచ్చే గురువారం తారీఖు ఇచ్చిండ్రే. గప్పటి లెక్క గా రోజును రానియ్యకుండ జర ఆపరాదే..." అన్నది. నవ్వుకుంటనే అన్నది గని, ఫోన్ పెట్టేదాక గా గురువారం ముచ్చటే మూడుసార్లు ఎత్తింది.

అప్పుడు మేం చూస్తెనే నెల మారేది... ఇప్పుడు ఫోన్ల తారీఖు మనం పండుకున్నప్పుడు దానంతట అదే మారిపోతది, ఎవర్నీ అడుగది. బుధవారమే పోయి షాహిన్ పక్కన కూసుంట. గంతకన్న నా చేతుల ఏం లేదు.

మీరు గూడ చిన్నప్పుడు ఏదన్న రోజు రావొద్దని ఏమన్న చేసిండ్రా? చెప్పుండ్రి... గురువారం దాక నాకు నిద్ర పట్టేటట్టు లేదు, కూసొని అన్నీ చదువుత.