పండగ పూట గోతిలో పడ్డ కత్తివాడు

“తిన్నావా?” అన్నారు మా ఆయన, ఆసుపత్రి మంచం మీద నుంచి. “తిన్నానండి” అన్నాను. తినలేదు. మా మధ్య ఆఖరి మాటలు అవే. కాపురం మొత్తంలో ఆయనతో ఆడిన అబద్ధాలు రెండు. అది రెండోది. మొదటిది ఒక కంప్యూటరు ఆట దగ్గర ఆడాను. (నాకు సంతకం వరకే వచ్చు. నేను చెబుతుంటే మా మరిదిగారు రాస్తున్నారు.)

ఆ రోజుల్లో భీమవరంలో మాకు రొయ్యల మేత కొట్టు ఉండేది. కంప్యూటరు బిల్లుల కోసమే కొన్నారు గానీ, మధ్యాహ్నం బేరాలు లేనప్పుడు అది ఆయన ఆటబొమ్మ. పెళ్లికి ముందు టీవీకి తగిలించే పెట్టెలో ఆడిన కత్తియుద్ధం ఆట ఒకటి ఆయన మనసులో అలాగే ఉండిపోయింది. చివరి రాక్షసుణ్ణి ఏనాడూ చంపలేకపోయారట. ఆ పెట్టె ఎప్పుడో పాడైపోయింది. మరిదిగారు కంప్యూటరులో ఏదో సాఫ్టువేరు వేసి, పాత పెట్టె తనలోనే ఉందని దాన్ని నమ్మించారు. పైగా ఒక బటన్ నొక్కితే ఆట ఉన్నచోటు గుర్తుంటుంది, ఇంకొకటి నొక్కితే మళ్లీ అక్కడి నుంచే మొదలు. రెండు నెలలు కష్టపడి మా ఆయన రాక్షసుడి గుమ్మం దాకా వెళ్లారు.

దసరాకి కొట్లో ఆయుధపూజ. కాటాకి బొట్టు పెట్టాను, షట్టరుకి పెట్టాను. ఆయన కొబ్బరికాయలకి వెళ్లారు, ఆట తెరమీద ఆగి ఉంది. కీబోర్డులో ఒక్క బటన్‌కి పెడితే మిగతావి ఏం పాపం చేశాయని (నా భక్తి అలాంటిది) వరసగా అన్నిటికీ గట్టిగా అద్దుకుంటూ పోయాను. ఆగిన ఆట కదిలింది. కత్తివాడు తనంతట తాను నడిచి గోతిలోకి జారాడు. వాడు గాలిలో ఉండగానే, చోటు గుర్తుపెట్టే బటన్‌కీ బొట్టు పడింది. గుమ్మం దగ్గరి పాత గుర్తు చెరిగిపోయి, ఆ పడటమే గుర్తుండిపోయింది.

హారతి ఇచ్చి ఆయన కూర్చున్నారు. నొక్కితే పడ్డాడు. మళ్లీ నొక్కితే మళ్లీ పడ్డాడు. పదిసార్లు చూసి నావైపు తిరిగారు.

“ఏమైనా నొక్కావా?”

“బొట్టు తాకించానంతేనండి.”

పూజ చేసిన మనిషిని ఏమనగలరు? ఫోన్ తీసి తమ్ముణ్ణి అందుకున్నారు. “ఏరా, ఏం చెత్త ఎక్కించావురా? పండగ పూట మనిషి గోతిలోంచి లేవట్లేదు.” తమ్ముడు ఆ తర్వాత చాన్నాళ్లు మా గడప తొక్కలేదు.

ఆయన మొదటినుంచి మళ్లీ ఆడి, కార్తీకం వెళ్లేలోగా రాక్షసుణ్ణి చంపారు. చెప్పుకోవడానికి ఫోన్ చేతిలోకి తీసుకుని, చెప్పదగ్గవాడు తమ్ముడొక్కడే అని గుర్తొచ్చి, మళ్లీ పెట్టేశారు. అప్పుడైనా నేను నోరు విప్పితే నవ్వి ఊరుకునేవారేమో. ఒక్క బటన్‌కి అంత భయపడ్డ ఆ పాతికేళ్ల పిల్లని తలుచుకుంటే ఇప్పుడు నాకే నవ్వొస్తోంది.

ఎందుకాపారు మరిదిగారూ? మీరు వేసిన దాంట్లో ఏ లోపమూ లేదండి, నొక్కింది నేనే. అదీ రాయండి. రాశారా? ఏదీ, ఆ ముక్క ఒకసారి చదివి వినిపించండి.