కొట్టింది తన సాక్షినే

ఈ రోజు మధ్యాహ్నం రేపల్లెలో, ప్లీడరునైన నా ఆఫీసు వరండాలోనే రక్తం కారింది. ఏడుకొండలు పదేళ్లుగా అరెకరం ప్రభుత్వ భూమి సాగు చేసుకుంటున్నాడు. పట్టా కోసం అతను పెట్టుకున్న అర్జీని తాసీల్దారు తిరస్కరించారు. పక్క చేను నాంచారయ్యే అడ్డుపుల్ల వేశాడనుకుని, నా దగ్గరికొస్తూ దారిలో కనబడ్డ ఆయన్ని చొక్కా పట్టి ఈడ్చుకొచ్చి, నా కుర్చీతోనే మొహం మీద బాదాడు. నాంచారయ్య పెదవి చీలి, ఒక పన్ను ఊడింది. నలుగురం పట్టుకుంటే గాని ఏడుకొండలు ఆగలేదు.

ఏడుకొండలు తెచ్చిన తాసీల్దారు ఉత్తర్వు విప్పి చదివాను. అందులో నాంచారయ్య పేరే లేదు. సాగు చేస్తున్నట్టు రుజువు లేదని మాత్రమే ఉంది.

"ముప్పై రోజుల్లోపు ఆర్డీఓ గారికి అప్పీలు చేసుకోవచ్చు. నువ్వే దున్నుతున్నావని చెప్పే పక్క రైతు కావాలి. ఎవరున్నారు?" అన్నాను.

ఏడుకొండలు నేలమీద కూలబడ్డాడు. "ఈయనొక్కడేనండి."

నాంచారయ్య తువ్వాలు నోటికి అదుముకుని, "చెబుతానండి. దున్నేది వాడే. పోలీసు కేసు కూడా పెడతాను. రెండూ నిజమే కదండీ?" అన్నాడు.

ఇద్దరినీ ఒకే ఆటోలో ఆస్పత్రికి పంపి, అప్పీలు రాయడానికి కూర్చున్నాను. మీరైతే ఆ సాక్ష్యం చెప్పేవారా?