పసుపు కడిగిన చెయ్యి

మా చరిత్ర మేడం పోయారని తెలిసిన తర్వాతి గురువారం నేను బజారుకు పోయి కిలో పసుపు కొనుక్కొచ్చాను. సంచి విప్పినప్పుడు మా అమ్మ ముఖం చూడాల్సింది. పండుగ పూట కూడా గుడికి పిలిస్తే పుస్తకం చాటున దాక్కునే కూతురి చేతిలో అంత పసుపు!

"ఇన్నొద్దులకు దేవుడు నీకు బుద్ధిచ్చిండు బిడ్డా," అని కొంగుతో కళ్ళు ఒత్తుకుంది. "ఏం మొక్కుకున్నవో నాకు చెప్పకు. చెప్తే ఫలించది."

సాయంత్రానికల్లా పక్కింటి వదినెకు కూడా తెలిసిపోయింది, మంచి సంబంధం కుదరాలని నేనే మొక్కుకున్నానని. బాపు ఆలోచన ఇంకోరకం. "పిల్లకు యాడనో గట్టి దెబ్బ తాకింది. సదువుకున్నోళ్ళు ఉత్తగనే దేవుని దిక్కు మర్లరు," అని పడక్కుర్చీలోంచి అమ్మతో అంటున్నాడు, నాకు వినపడదనుకుని. పసుపు దేనికని అడిగినవాళ్ళు లేరు. మేడం పోయినందుకు నేను ముఖం ముడుచుకుని కూర్చున్నానంటే అసలే నమ్మరు. "గామె మనకేమైతది?" అన్నది అమ్మ మొదటి రోజే.

ఆ ప్రశ్న నన్ను రోడ్డు మీద కూడా అడిగారు. కబురు వచ్చింది బంద్ రోజున. ఫోన్ చేసింది చాచా, మేడం వెంట మేము తిరిగిన ఊళ్ళన్నిటికీ వ్యాన్ నడిపిన మనిషి. "బేటీ," అన్నాడు. "మేడం ఇగ లేదు. పొద్దుగాల దవాఖానల పోయింది." షుగరు, ఆపైన కిడ్నీలు. తెలియనిదేం కాదు. మిరుదొడ్డి అవతల ఉన్న వాళ్ళ సొంతూరికి తీసుకుపోతున్నారట. చాచా వ్యాన్ తీశాడు, నేనూ నాతో చదివిన ఇద్దరమ్మాయిలూ ఎక్కాం. ఊరు దాటామో లేదో, రోడ్డుకు అడ్డంగా వంటావార్పు. ఈ తెలంగాణ ఉద్యమంలో మీరు కూడా ఎక్కడో ఒకచోట ఆ అన్నం తినే ఉంటారు. రాళ్ళ పొయ్యిల మీద పెద్ద పెద్ద గంజులు, మైకులో పాట, బారుగా ఆగిపోయిన లారీలు. నేను కూడా అలాంటి పొయ్యిల దగ్గర కూర్చుని ఉల్లిగడ్డలు కోసినదాన్నే.

"అన్నా, మా మేడం చనిపోయింది. జర పోనియ్యున్రి," అన్నాను.

"అయ్యో. మీకేమైతది అక్కా? అత్తనా, చిన్నమ్మనా?"

"మేడం. మాకు సదువు చెప్పింది."

"సొంతోళ్ళు కాదా?" ఆ పిల్లవాడు మర్యాదగానే అన్నాడు. "అట్లయితే రెండు బుక్కలు తిని పోన్రి. పప్పు దించంగనే తొవ్వ ఇడుస్తం."

విస్తరి చేతిలో పెట్టాడు. నేను దాన్ని పట్టుకుని ఎండలో నిలబడ్డాను. కోపం ఎవరి మీద తెచ్చుకోవాలి? ఆ పొయ్యి నాది కూడా. మేము చేరేసరికి చితి మీద నిప్పులు మాత్రమే ఉన్నాయి. చాచా ఒక్కడే కొంచెం దగ్గరిదాకా పోయి, చేతులు కట్టుకుని నిలబడి వచ్చాడు.

మేడం గురించి రాయమంటే చాలామంది ఆమె సహనం గురించి రాస్తారనుకుంటాను. నాకు తెలిసిన మేడంకి సహనం లేదు. సమ్మెలతో కాలేజీ మూతబడి, మేమంతా ఇళ్ళల్లో టీవీల ముందు కూర్చున్న రోజుల్లో, ఒక్కొక్క ఇంటికీ వచ్చి గుమ్మంలో నిలబడి పిలిచారు. "కాలేజీ బంద్ అయితే రాళ్ళు బంద్ అయితయా? ఆదివారం పొద్దుగాల పాత బస్టాండుకు రా. సాయంత్రం దీపాలు పెట్టే యాళ్లకు ఇంట్ల దించుత." అట్లా మొదలయ్యాయి ఆ ప్రయాణాలు. క్లాసులో పుస్తకం భాష మాట్లాడే మనిషి, వ్యాన్ ఎక్కగానే మిరుదొడ్డి మాటలోకి దిగిపోయేవారు.

ఆడపిల్లల్ని రాళ్ళు చూడటానికి ఎవరు పంపుతారు? అందుకని ప్రతి ప్రయాణంలో ముందు ఒక గుడి ఉండేది. ఇంట్లో చెప్పేటప్పుడు ఆ గుడి పేరే చెప్పాలి. మేము లోపలికి పోయి దండం పెట్టుకుని వచ్చేదాకా మేడం, చాచా బయట చాయ్ తాగుతూ కూర్చునేవారు. "అయిందా? మీ అవ్వలకు చెప్పిన మాట నిలబడ్డదా? ఇగ నా మాట ఇనున్రి," అని లేచేవారు. కుచ్చిళ్ళు ఎగదోపి, కాన్వాసు బూట్లు వేసుకుని, ముందు నడిచేవారు.

గుడి తర్వాత గుట్ట. రెండు పెద్ద గుండ్ల నడుమ, మే నెలలో కూడా నీళ్ళు ఎండని రాతి దోన ఒకటుంది. దాని పైన వాలిన బండ కింద, వేల ఏళ్ళ కిందట ఎవరో ఎర్రమన్నుతో గీసిన మూపురం ఎద్దు. అందరం దాని ముందు ఫోటోల కోసం తోసుకుంటుంటే మేడం అరిచేవారు. "ముందు సూడున్రి! ఫోన్లు లోపల పెట్టున్రి. గాయన గీసేటప్పుడు ఎటు కూసున్నడో సూడున్రి." ఎటు కూర్చున్నాడో కనిపెట్టేదాకా ఎవరినీ కదలనిచ్చేవారు కాదు. నాకు విసుగొచ్చేది. ఒకసారి నేను పడుకుని చూస్తే తెలిసింది, అతను వెల్లకిలా పడుకుని గీశాడని. ఎద్దు కాళ్ళు అప్పుడే సరిగ్గా కనిపిస్తాయి.  మేడం తన డబ్బాలోంచి సర్వపిండి ముక్క తుంచి నాకిచ్చారు. ఆమె మెచ్చుకోలు అంతే.

చివరికి, ఎండ వాలిన తర్వాత, నిలువురాళ్ళ దగ్గరికి. ఆ ఊరి పేరు ఇక్కడ రాయను. రాస్తే నిధుల కోసం గునపాలు పట్టుకుని వచ్చేవాళ్ళున్నారు. మెట్ట చెలక నడుమ, మనిషి కంటే రెండింతలున్న రాళ్ళు బారుగా నిలబడి ఉంటాయి. ఊరివాళ్ళు రాకాసి గుండ్లంటారు. ఇనుము చేయడం కొత్తగా నేర్చుకున్న మనుషులు, తమలో పోయినవాళ్ళ జ్ఞాపకానికి, యాదికి నిలబెట్టినవని మేడం చెప్పారు. సాయంత్రం వాటి నీడలు పొడుగ్గా సాగేవి. చుట్టుపక్కల చెట్టు లేదు. "ఒక్కొక్క నీడల ఒక్కొక్కరు నిలబడున్రి," అనేవారు. మేము నిలబడేవాళ్ళం. "మీరు నిలబడ్డది ఒకరి యాదిల," అనేవారు. అంతకు మించి ఉపన్యాసం లేదు.

ఇక గొడవంతా పసుపు దగ్గరే.

ఆ ఊరి ఆడవాళ్ళు బోనాలప్పుడు ఆ రాళ్ళకు పసుపు పూసి కుంకుమ బొట్లు పెట్టేవారు. నిలబడ్డ రాయి కనిపిస్తే ఊరుకోలేం కదా మనం. మేడం బ్యాగులో ఎప్పుడూ కొబ్బరి పీచు ఉండేది. తాగడానికి తెచ్చుకున్న నీళ్ళు రాళ్ళ మీద పోసి, పీచుతో రుద్ది, పసుపంతా కడిగేసేవారు. మాతో కడిగించేవారు. "మేడం, గొంతులు ఎండుతున్నయి," అని మేము మొత్తుకుంటే, "రాయి ఎంత కాలం నుంచి ఎండల ఉన్నదో తెల్సా?" అనేవారు. గట్టు వైపున్న రాళ్ళ దాకా మేమెప్పుడూ పోలేదు. నీళ్ళు అయిపోయేవి.

ఒకసారి మాలో ఒక పిల్ల, పసుపు పొట్లం తెచ్చి చాటుగా ఒక రాయికి బొట్టు పెట్టింది. మేడం చూశారు.

"ఏందే గది?"

"మేడం, మా అవ్వ చేతులు సూస్తది. పసుపు లేకుంటే గుడికి పోయినమంటే నమ్మది."

మేమంతా పక్కున నవ్వాం. మేడం నవ్వలేదు. "నీ చెయ్యికి రాసుకో. రాయికెందుకు రాస్తవు? గిది దేవుడు కాదు, మనిషి. మనిషికి మనిషి పెట్టిన గురుతు. దేవుండ్లు మనకు బగ్గ ఉన్నరు. గీ మనుషుల యాది ఒక్కటే ఉన్నది," అని ఆ రాయిని మళ్ళీ కడిగారు. ఆ రోజు ఆ చేతులు చూశాను. వేళ్ళ సందుల్లో, గోళ్ళ చుట్టూ, పచ్చగా. పూజ చేసినవాళ్ళ కంటే ఆమె చేతులే ఎక్కువ పసుపు.

ఆ చెలక యజమాని పటేలు చెడ్డవాడు కాదు. మేము తిరిగిపోయేటప్పుడు బావి దగ్గర మోటారు వేయించి తాగడానికి నీళ్ళిచ్చేవాడు, ఎగతాళి చేసేవాడు. "గీ బండల కింద బంగారం ఉన్నదా మేడం? నాకు చెప్పకుంట మీరే తోడుకపోతున్నరా?"

"ఉన్నరు పటేలా. మీ తాతల తాతలు పండుకున్నరు."

"మా తాతలా? మా తాతలైతే భూమి మీద బాకీలు తప్ప ఏం నిలబెట్టలె." తర్వాత గొంతు తగ్గించేవాడు. "మేడం, రేపు తెలంగాణ వస్తే గీ జాగ రేటు ఎట్లుంటదో మీకెరుకేనా? పట్నపోళ్ళు ఇప్పుడే అడుగుతున్నరు."

"తెలంగాణ వస్తే గీ జాగ ఎంత పాతదో చెప్పుకోవద్దా?"

"చెప్పుకుందం మేడం. ప్లాట్లు అమ్మినంక కూడ చెప్పుకోవచ్చు."

నాకు ఒళ్ళు మండేది. ప్రతి వేదిక మీదా మన చరిత్రను తొక్కేశారని మాట్లాడుతున్నారు. నేనూ చప్పట్లు కొట్టాను. మరి దీన్ని ఎవరు తొక్కుతున్నారు? మేడం ఆఫీసుల చుట్టూ తిరిగారు. వెంట నేను కూడా పోయాను. కుర్చీలోని మనిషి మంచిగానే మాట్లాడాడు. "ముందు రాష్ట్రం రానీయండి మేడం, అన్నీ చూసుకుందాం." నా ఉద్యోగం గురించి బాపు కూడా అదే అంటాడు. రాష్ట్రం రానీయి బిడ్డా. నేను ఎన్నాళ్ళు ఇంట్లో కూర్చుని రానీయాలో ఎవరూ చెప్పరు.

మేడం నడవగలిగిన చివరిసారి పోయినప్పుడు, చెలకలో డోజరు ఉంది. సున్నం పూసిన హద్దురాళ్ళు వరసగా పాతి ఉన్నాయి. బాట పక్కనున్న నిలువురాళ్ళన్నీ పడి ఉన్నాయి. గట్టు వైపువి నిలబడి ఉన్నాయి, పచ్చగా.

డోజరు నడిపే అతను దిగి వచ్చాడు. "నన్ను తిట్టకు మేడం. పసుపున్న రాళ్ళను నేను ముట్ట. పిల్లలున్నోన్ని. పటేలుకు కూడ చెప్పిన. గివి ఉత్త బండలే గదా అని తీసిన."

ఉత్త బండలు. మేము తాగే నీళ్ళతో కడిగినవి.

నేను మేడం ముఖం చూడలేకపోయాను. ఆమె మెల్లగా పోయి, పడిన రాయి పక్కన కూర్చున్నారు. భూమిలో ఉన్న భాగం ఎండ సోకక వేరే రంగులో, తడిగా ఉంది. దాని మీద అరచెయ్యి ఆనించారు. "సూడున్రి," అన్నారు మాతో. "ఎంత లోతు పాతిన్రో సూడున్రి." ఆమె ఏడుస్తారనుకున్నాను. పాఠం చెప్పారు.

తిరిగొచ్చేటప్పుడు వ్యాన్‌లో నేనే మొదలుపెట్టాను. "ఉన్నవాటికన్న పసుపు ఉండనిద్దాం మేడం. అన్నిటికీ మనమే పెడదాం. బతుకుతయి."

"పెడితే ఏమైతది? ఇయ్యాల బొట్టు. వచ్చే యేడు గద్దె. ఆ మీది యేడు రేకుల షెడ్డు, టైల్సు, హుండీ. అప్పుడు ఇది ఎవరి యాది? నువ్వు కాపాడింది ఏంది?"

"రాయి ఉంటది గదా!"

"అబద్ధం చెప్పి నిలబెడితే నిలబడ్డట్టు కాదు."

"నిజం చెప్పి పడగొట్టినం మేడం!"

అనేశాను. చాచా అద్దంలోంచి నా వైపు ఒకసారి చూసి, మళ్ళీ రోడ్డు చూసుకున్నాడు. మేడం కిటికీ వైపు తిరిగారు. ఒళ్ళో ఉన్న తన చెయ్యిని బోర్లించి, మళ్ళీ వెల్లకిలా తిప్పి చూసుకున్నారు.  మా సిద్దిపేటలో దిగేటప్పుడు, "కోపం మంచిదే. ఇడువకు," అన్నారు. ఒప్పుకోలేదు. ఆ తర్వాత కూడా ఒప్పుకోలేదు. దవాఖానలో చూడటానికి పోయినప్పుడు ఇదే వాదన మళ్ళీ పెట్టుకున్నాం, నర్సు వచ్చి కసిరేదాకా. ఆమెతో నా చివరి మాటలు అవే, రాళ్ళ గురించి, పసుపు గురించి. అందుకు నాకు బాధ లేదు. మా ఇద్దరికీ అంతకంటే మంచి మాట తెలియదు.

ఇంత వాదించి వాదించి, నన్ను ఇక్కడ ఒక్కదాన్నే వదిలేసి పోయారన్నదే నా కోపం. ఆమె చెప్పింది తప్పని నేను ఈ రోజుకీ నిరూపించలేను. షెడ్డు పడుతుంది, హుండీ వస్తుంది, నాకూ తెలుసు. కానీ చాచా బుధవారం ఫోన్ చేశాడు. బాట వైపు చదును అయిపోయిందట. గట్టు రాళ్ళకు బోనాలప్పటి పసుపు మొన్నటి వానలకు కారిపోయిందట. సోమవారం డోజరు మళ్ళీ వస్తుందట.

ఆదివారం ప్రయాణం ఉంది. ముందు గుడి, తర్వాత దోన, ఎండ వాలాక రాళ్ళు. ఇంట్లో గుడి పేరే చెప్పాను, అమ్మ దారి ఖర్చులకు డబ్బులు కూడా ఇచ్చింది. పాత పిల్లలు కొందరు వస్తామన్నారు. ఎద్దు ముందు ఫోన్లు బయటికి తీస్తే అరుస్తాను. నిలబడి ఉన్న రాళ్ళ నీడల్లో వాళ్ళను నిలబెడతాను, ఇది దేవుడు కాదు, మనిషి యాది అని చెప్తాను. బ్యాగులో కొబ్బరి పీచు కూడా పెట్టుకున్నాను. కడిగే రోజు వస్తే నేనే వచ్చి కడుగుతాను.

ఈ ఆదివారం మాత్రం, మిగిలిన ప్రతి రాయికీ పసుపు పూస్తాను. మేడంకి ఇష్టం ఉండదు. పూస్తాను.