ఏడుగురితో ఆడిన మ్యాచ్

నా చిన్నప్పుడు, నాన్న పనికోసం దేశం దాటి వచ్చి స్థిరపడ్డ వుడ్‌ల్యాండ్స్‌లో మేమున్న ఆరో అంతస్తులో మా పక్క ఫ్లాటు ఒక కొరియా ఆయనది. రోడ్లూ వంతెనలూ కట్టే కంపెనీతో వచ్చి, తోటివాళ్ళంతా తిరిగి వెళ్ళిపోయినా ఇక్కడే ఉండిపోయిన మనిషి. క్రేన్ నడిపేవారు. ఒంటరిగా ఉండేవారు. ఆయన తలుపు తెరిస్తే కారమూ వెల్లుల్లీ కలిపి ఊరబెట్టిన క్యాబేజీ వాసన వరండా అంతా వచ్చేది. మిగతా ఇళ్ళవాళ్ళు ముక్కు మూసుకునేవారు కానీ మా అమ్మ ఏమీ అనేది కాదు. మన ఆవకాయ జాడీ మూత తీసినప్పుడు వాళ్ళకెలా ఉంటుందో అని నవ్వేది.

నాకు మాత్రం ఆయనంటే భయం. ఎవరితోనూ మాట్లాడేవారు కాదు. పైగా ఆయన చేతివేళ్ళలో ఒక్కటీ తిన్నగా ఉండేది కాదు. చిటికెన వేలు పక్కకి, ఉంగరపు వేలు ముందుకి వంగి ఉండేవి. లిఫ్ట్‌లో ఆయన ఎక్కితే నేను మూలకి జరిగి, ఆ వేళ్ళు చూడకుండా అంతస్తుల నంబర్లు చూస్తూ నిలబడేదాన్ని.

మా నాన్నది శ్రీకాకుళం వైపు. ఓడలు బాగుచేసే యార్డులో వెల్డింగ్ పని. నాకు పదేళ్ళు, తమ్ముడికి ఐదు. మా బడికి అప్పట్లో రెండు పూటలుండేవి. నాది మధ్యాహ్నపు పూట కాబట్టి పొద్దున్నంతా ఇంట్లోనే ఉండేదాన్ని. ఆ రోజు పదిగంటల వేళ నేను లెక్కలు చేసుకుంటూ ఉంటే నాన్నతో పనిచేసే మలయ్ ఆయన ఒకరు మెట్లెక్కి వచ్చారు. లిఫ్ట్ కోసం ఆగలేదంటేనే ఏదో జరిగిందని అమ్మకి అర్థమైపోయింది. ఆయన గుమ్మంలోనే నిలబడి ఓడ అడుగు అరలో నిప్పంటుకుందని చెప్పారు. కొందరు బయటపడ్డారు, కొందరు లోపలే ఉన్నారు, కొందర్ని ఆసుపత్రికి తీసుకెళ్ళారు. ఎవరు ఎక్కడున్నారో ఆయనకీ తెలియదు.

అమ్మ పొయ్యి కట్టేసింది. బీరకాయ కూర సగం ఉడికి ఉంది. చీర కూడా మార్చుకోలేదు. మమ్మల్ని చెరో చేత్తో పట్టుకుని పక్క తలుపు కొట్టింది. ఆ వారం కొరియా అంకుల్‌కి పనిలేదు, ఇంట్లోనే ఉన్నారు. అమ్మ తనకొచ్చిన నాలుగు మలయ్ ముక్కల్లో సంగతి చెప్పింది. ఆయన తలుపు పూర్తిగా తెరిచారు.

అమ్మ వెళ్ళిన కాసేపటికే ఏడో అంతస్తు తమిళ ఆంటీ విషయం తెలిసి దిగివచ్చింది. నన్ను దగ్గరకి తీసుకుని, "ఏమీ అవదు కన్నా. సాయంత్రానికి మీ అప్పా నడుచుకుంటూ వచ్చేస్తారు, చూస్తూ ఉండు" అంది. ఎంతో మంచి మనసు ఆవిడది. కానీ ఆ మాట అంటున్నంతసేపూ నా మొహంలోకి చూడలేదు. తిరిగి వెళ్తూ వరండా చివర ఆగి కొంగుతో కళ్ళు తుడుచుకోవడం నేను చూశాను. అప్పటిదాకా నాకు కంగారు మాత్రమే. ఆ క్షణం నుంచి భయం మొదలైంది. పెద్దవాళ్ళకి తెలిసిపోయింది, నాకు చెప్పడం లేదు అనుకున్నాను.

కిటికీ దగ్గర నిలబడి కింద బస్‌స్టాప్ వైపు చూస్తూ ఉండిపోయాను. వచ్చిన ప్రతి బస్సూ చూశాను. చివరికి కొరియా అంకుల్‌నే అడిగేశాను, "అంకుల్, మా నాన్నకేమీ కాలేదు కదా?" అని.

ఆయన ఇంగ్లీషు విడివిడి ముక్కలుగా ఉండేది. "తెలీదు" అన్నారు. "నాకు తెలీదు. నీకూ తెలీదు. అమ్మ వచ్చేదాకా మనిద్దరికీ తెలీదు."

ఆ మాటకి నేను ఏడవాలి. కానీ పొద్దున్నించీ బిగబట్టుకున్న ఊపిరి కొంచెం వదులైంది. ఈయన నా దగ్గర ఏదీ దాచడం లేదు అనిపించింది. భయం పోలేదు. ఆ భయంతో నేను ఒక్కదాన్నే లేను, అంతే.

తర్వాత ఆయన తమ్ముణ్ణి పిలిచి, బట్టలకి పెట్టే చెక్క క్లిప్పుల బుట్ట తెమ్మన్నారు. నేలమీద సుద్దముక్కతో ఒక పెద్ద దీర్ఘచతురస్రం గీసి, అందులో పదకొండు క్లిప్పులు నిలబెట్టారు. గోల్ దగ్గరున్న క్లిప్పు మీద తన వంకర వేలు పెట్టి, "ఇది నేను" అన్నారు. ఆ వేళ్ళు అలా ఎందుకయ్యాయో అప్పుడు తెలిసింది. ఆయన గోల్‌కీపర్. బంతి తగిలి విరిగినవి విరిగినట్టే అతుక్కున్నాయి.

ఆయనది కొండల మధ్య బొగ్గుగని ఊరు. అక్కడి ఫుట్‌బాల్ క్లబ్బు కథ మొదటి నుంచీ చెప్పుకొచ్చారు. గని పెట్టిన కొత్తలో సెలవురోజున కార్మికులు తాగి కొట్టుకుంటున్నారని, లెక్కల గుమస్తా ఒకాయన ఒక బంతి తెచ్చి వాళ్ళ మధ్య పడేశాడట. అలా పుట్టింది ఆ క్లబ్బు. పూర్తిగా ఆటే బతుకుదెరువుగా ఉన్నవాళ్ళు కారు. పొద్దున గనిలోకి దిగాలి, మధ్యాహ్నం పైకి వచ్చాక ఆడాలి. ఊళ్ళో చదునైన నేల లేదు కనుక గనిలోంచి తీసిన రాయీ మట్టీ వాగులో పోసి మైదానం చేసుకున్నారు. కిందపడితే మోకాలు నల్లగా చీరుకుపోయేది. మొదట తెల్ల జెర్సీలు కుట్టించుకుంటే రెండో మ్యాచ్‌కే బూడిదరంగయ్యాయి. విసుగెత్తి నల్ల జెర్సీలే కుట్టించుకున్నారు. మొదటి ఏడాది ప్రతి మ్యాచ్‌లోనూ ఓడిపోయారు. రెండో ఏడాది ఒక్కటి డ్రా అయితే ఊరంతా పండగ చేసుకుంది. నాలుగో ఏడాదికి పట్నం జట్లు వాళ్ళ ఊరికి రావడానికి జంకడం మొదలుపెట్టాయి. రైల్వే వాళ్ళ జట్టు మీద గెలిచిన రోజున కోచ్‌ని ఎత్తి ఎగరేస్తే ఆయన బూటు ఒకటి వాగులో పడి కొట్టుకుపోయిందట. తమ్ముడు అది విని పడీ పడీ నవ్వాడు. నేను కిటికీ వైపు చూడడం మర్చిపోయాను.

గడియారం పన్నెండు దాటింది. ఆ రోజు బడికి వెళ్ళే మాటే లేదు. ఆయన నువ్వుల నూనె కలిపిన అన్నం ఉండలు చేసిపెట్టారు. తమ్ముడు తిన్నాడు. నేను ముట్టలేదు. ఆయన బలవంతం చేయలేదు, నా ముందు పెట్టి ఊరుకున్నారు. నేను కథ ఆపనివ్వలేదు. తర్వాత ఏమైందని అడిగాను.

ఆయన నాలుగు క్లిప్పులు తీసి చేతిలో పెట్టుకున్నారు.

ఐదో ఏడాది గనిలో ఒక సొరంగం కూలింది. లోపల చిక్కుకున్నవాళ్ళలో నలుగురు జట్టువాళ్ళు. ఊరు ఊరంతా గని ముందు చేరింది. తవ్వేవాళ్ళు తవ్వుతున్నారు, నీళ్ళు తోడేవాళ్ళు తోడుతున్నారు. నాలుగో రోజున ఎప్పుడో ఖాయమైన లీగ్ మ్యాచ్ ఉంది. వచ్చేది అదే రైల్వే జట్టు. రద్దు చేద్దామని కొందరన్నారు. వేరే ఆటగాళ్ళను దింపుదామని కొందరన్నారు. కోచ్ రెంటికీ ఒప్పుకోలేదట. "ఆట మానేస్తే వాళ్ళు చనిపోయారని మనమే తేల్చేసినట్టు. వాళ్ళ చోట్లో ఇంకొకర్ని పెట్టినా అంతే. మనకి తెలీదు. తెలీనట్టే ఆడదాం" అన్నాడట. ఏడుగురుంటే ఆట మొదలుపెట్టొచ్చునని నియమం ఉంది. ఏడుగురే దిగారు. మిగతా నాలుగు చోట్లూ ఖాళీగా వదిలేశారు.

"ఎవరు గెలిచారు?" అన్నాడు తమ్ముడు.

"తొమ్మిది గోల్స్ తిన్నాను" అన్నారాయన. "ఎడమ పక్కనుంచి వచ్చినవన్నీ లోపలికే వెళ్ళాయి. అక్కడ ఎవరూ లేరు కదా."

నేను అడగాల్సింది అది కాదు. అడగడానికి భయపడుతూనే అడిగాను, "ఆ నలుగురూ బయటికొచ్చారా?"

"ఆరో రోజు సొరంగం తెరుచుకుంది. ముగ్గురొచ్చారు. ఒకడు రాలేదు." తన చేతిలోని క్లిప్పుల్లో ఒకటి వేరుచేసి చూపించారు. "ఎడమ పక్క ఆడేవాడు. నా తమ్ముడు."

నాకు ఒళ్ళు మండిపోయింది. ఎందుకంత కోపం వచ్చిందో ఇప్పుడైతే తెలుసు. కాలు విసిరి క్లిప్పులన్నీ చెల్లాచెదురు చేశాను. "ఎందుకు చెప్పారు నాకు? అందరూ వచ్చేశారని చెప్పొచ్చు కదా?" అని అరిచాను. మా తమ్ముడు బిక్కమొహం వేశాడు.

ఆయన ఒక్కొక్క క్లిప్పూ ఏరి బుట్టలో వేస్తూ నెమ్మదిగా మాట్లాడారు. ఆ ఆరు రోజులూ వాళ్ళ ఇంటికొచ్చిన ప్రతివాళ్ళూ వాళ్ళమ్మతో, రేపు వచ్చేస్తాడు అన్నారట. ఆవిడ నమ్మింది. రోజూ ఆ కొడుకు కోసం సూప్ కాచింది. ఏడో రోజు నుంచి ఆవిడ ఆ ఇరుగుపొరుగు ఎవరితోనూ మాట్లాడలేదు. వాళ్ళలో చెడ్డవాళ్ళెవరూ లేరు. కానీ ఆవిడకి మనుషులు కావలసి వచ్చిన రోజున, ఆవిడ పక్కన కూర్చోగలిగినవాళ్ళు ఒక్కరూ మిగల్లేదు.

"నీకు అబద్ధం చెప్పొచ్చు" అన్నారు. "ఇంకాసేపట్లో అమ్మ వస్తుంది. ఏదో ఒకటి చెప్తుంది. ఏం చెప్పినా అప్పుడు నీ పక్కన నేనుండాలి. అబద్ధం చెప్పినవాణ్ణి నువ్వు పక్కన ఉండనివ్వవు."

పదేళ్ళ పిల్లకి ఆ మాట పూర్తిగా అందలేదు. కానీ ఆయన గోడకి ఆనుకుని నేలమీద కూర్చుంటే, నేనూ వెళ్ళి పక్కన కూర్చున్నాను. తమ్ముడు నిద్రపోయాడు. వరండాలో అడుగుల చప్పుడైతే ఇద్దరం తలెత్తేవాళ్ళం. ఆ అడుగులు దాటిపోయేవి. అలా ఎన్నిసార్లయిందో గుర్తులేదు.

నాలుగు దాటాక అమ్మ చెప్పుల చప్పుడు వినిపించింది. ఆ నడక మామూలుగా లేదు. దాన్నిబట్టి ఏమీ తెలుసుకోలేకపోయాను. నేను లేవలేదు. ఆయన నా భుజం మీద చెయ్యి వేశారు. అమ్మ గుమ్మం పట్టుకుని నిలబడి, "నాన్న బతికే ఉన్నార్రా" అంది. రెండు చేతులూ కాలాయి, పొగ మింగేశారు, ఆసుపత్రిలో ఉన్నారు, కళ్ళు తెరిచి మాట్లాడారు. ఆ తర్వాత గొంతు తగ్గించి, ఆయనతో దిగినవాళ్ళలో ఇద్దరు రాలేదని చెప్పింది.

కొరియా అంకుల్ లేచి వంటగదిలోకి వెళ్ళారు. చాలాసేపు కుళాయి నీళ్ళ చప్పుడు వినిపించింది. బయటికి వచ్చేసరికి మొహం కడుక్కుని ఉన్నారు. అమ్మకి ఒక ఉండ చేతిలో పెట్టి, మలయ్‌లో "మాకన్, మాకన్" అన్నారు, తినమని. అమ్మ నిలబడే తింది. అప్పుడు నేనూ తిన్నాను.

నాన్న రెండు నెలలకి ఇంటికొచ్చారు. కుడిచేతి వేళ్ళు పూర్తిగా ముడుచుకునేవి కావు, వెల్డింగ్ వదిలేసి స్టోర్‌రూంలో పనికి మారారు. నేను సెకండరీలో ఉండగా కొరియా అంకుల్ తన దేశానికి తిరిగి వెళ్ళిపోయారు. ఉత్తరాలూ అవీ ఏమీ లేవు. వెళ్ళేముందు మా ఇంటికొచ్చి, నాన్న వేళ్ళు ముడుచుకోని ఆ చేతినే పట్టుకుని కరచాలనం చేశారు. రెండు వంకర చేతులూ ఒకదాన్నొకటి సరిగ్గా పట్టుకోలేక ఇద్దరూ నవ్వుకున్నారు.

నేను నర్సునయ్యాను. ముప్పై ఏళ్ళకి పైగా ఎమర్జెన్సీ బయట బెంచీల మీద కూర్చున్నవాళ్ళ మొహాలు చూశాను. "సిస్టర్, ఏమీ కాదు కదా?" అని అడగనివాళ్ళు లేరు. ఏమీ కాదు అనడం ఎంత సులువో, ఆ మాట నోటిదాకా ఎలా వస్తుందో నాకు తెలుసు. కొత్తలో రెండు మూడుసార్లు అనేశాను కూడా. ఒకసారి అది అబద్ధమైంది. ఆ రోగి భార్య నా వైపు చూసిన చూపు నేటికీ మర్చిపోలేదు. అప్పటి నుంచి తెలియనప్పుడు తెలియదనే చెప్పాను. చెప్పి వెళ్ళిపోకుండా, వీలున్నంతసేపు పక్కన కూర్చున్నాను.

ఇప్పుడు నేనూ మావారూ బుకిట్ పంజాంగ్‌లో కూతురి ఇంటికి దగ్గరలో ఉంటున్నాం. ఈమధ్య నా మనవరాలు ఈ కథ విని, నాకు గుర్తున్న ఊరి పేరు ఫోన్‌లో వెతికింది. గని ఎప్పుడో మూతపడిందట. దానితో క్లబ్బూ పోయిందట. కొన్నేళ్ళ తర్వాత ఊళ్ళో మిగిలినవాళ్ళే మళ్ళీ జట్టు కట్టారు. టీచర్లూ, అగ్నిమాపకశాఖ వాళ్ళూ, పార్సిళ్ళు ఇచ్చేవాళ్ళూ వారమంతా తమ పనులు చేసుకుని సెలవురోజుల్లో చిన్న లీగ్‌లో ఆడుతున్నారు. ఫోటోలో నల్ల జెర్సీలే ఉన్నాయి. వరుసలో ఎవరి మొహమూ నాకు తెలిసినది కాదు.

పోయిన వారం మావారికి ఊపిరితిత్తుల్లో ఏదో మచ్చ కనపడిందని పరీక్షకి ముక్క తీశారు. రిపోర్ట్ గురువారం వస్తుంది. ఇన్నేళ్ళు ఆసుపత్రిలో గడిపినదాన్ని, ఫోన్ మోగితే చాలు, చేతిలో ఉన్నది జారిపోతోంది. నిన్న సాయంత్రం మనవరాలు బడి నుంచి వచ్చి సంచి కూడా దించకుండా అడిగింది, "అమ్మమ్మా, తాతకి ఓకే అయిపోతుంది కదా?"

దానికీ పదేళ్ళే. ఏమీ కాదమ్మా అనడానికి నోరు తెరిచాను. తర్వాత దాన్ని సోఫాలో నా పక్కన కూర్చోబెట్టుకున్నాను.

"తెలీదమ్మా. నాకూ భయంగానే ఉంది. గురువారం దాకా మనకి తెలీదు."

అది సంచి దించి, బూట్లు విప్పి, కాళ్ళు పైకి పెట్టుకుంది.

"ఓకే లా" అంది, ఇక్కడి పిల్లల యాసలో. "గురువారం దాకా నేను ఇక్కడే పడుకుంటా. అమ్మకి నువ్వు చెప్పు."