స్టేషన్ బల్ల మీద పెట్టిన తాళంచెవి

గులాబ్ బీ దూది ఏకుతుంది. పాత పరుపులు విప్పి, గడ్డకట్టిన దూదిని మిషన్‌లో వేసి, మెత్తగా చేసి మళ్లీ కుట్టి ఇస్తుంది. మా వీధి మొదట్లోనే ఆమె దుకాణం. భర్తా ఆమే కలిసి కొన్న గది. ఆయన పోయాక తొమ్మిదేళ్లు ఒక్కతే నడిపింది. ఎప్పుడు చూసినా ముక్కుకు గుడ్డ, కనుబొమల నిండా దూది పీచు. నేను డిగ్రీ మధ్యలో వదిలేసి ఖాళీగా తిరిగే రోజుల్లో పరుపులు మోయడానికి పిలిచేది. అందుకే ఇదంతా నేను పక్కనుండి చూశాను.

2006 ఎండాకాలంలో ఆమె మరిది రెహమాన్ కొత్తగూడెం నుంచి దిగాడు. గది తన తండ్రి కొన్నదనీ, తనకే రావాలనీ అన్నాడు. కాగితాలు గులాబ్ బీ పేరు మీదే ఉన్నాయి. అయినా రోజూ వచ్చి గిరాకీ ముందు అరిచేవాడు. కొట్లాటదాకా పోతుందేమోనని ఆమే పోలీస్ స్టేషన్‌కు వెళ్లింది.

తప్పు అక్కడే జరిగింది. మా వైపు ఇద్దరికి ఆస్తి తగువొస్తే, పంచాయితీ తేలేదాకా తాళంచెవిని పెద్దమనిషి చేతిలో పెడతారు. ఆయన దాన్ని ఎవరికీ ఇవ్వడు. ఎస్సై ఇద్దర్నీ కూర్చోబెట్టి మాట్లాడేసరికి గులాబ్ బీ ఆయన్నే పెద్దమనిషి అనుకుంది. ఎవరూ అడక్కముందే కొంగుముడి విప్పి తాళంచెవి బల్ల మీద పెట్టింది. ఆయన సొరుగులో వేసుకున్నాడు. రసీదు లేదు, రాత లేదు.

తొమ్మిదో రోజు పొద్దున ఆమె మా అరుగు మీద కూర్చుని అమ్మతో కలిసి చాయ్ తాగుతోంది. ఉన్నట్టుండి వీధి మొదట్లో దూది మిషన్ చప్పుడు. ఆమె గ్లాసు అలాగే పట్టుకుని నా వైపు చూసింది. ఆమె ఇక్కడుంటే అక్కడ మిషన్ తిప్పుతున్నదెవరు?

పరుగెత్తాం. లోపల రెహమాన్. తాళం పగలలేదు. తాళంచెవి స్టేషన్‌లోనే ఇచ్చారని ఏమీ జరగనట్టు చెప్పాడు.

అక్కణ్నుంచి స్టేషన్‌కు పోతే ఎస్సై పేపర్ మడిచి చల్లగా అన్నాడు.

"ఇది సివిల్ మ్యాటరమ్మా. గది ఎవరిదో పోలీసులు తేల్చొద్దు. కోర్టుకు పో."

గులాబ్ బీ వేలితో ఆయన బల్ల సొరుగు చూపించింది.

"అవ్ సారూ, మరి తాళంచెవి సొర్గులేసుకున్న నాడు గిది సివిల్ గాదా?"

మమ్మల్ని బయటికి పంపించారు.

వకీలు శాంతికుమార్ చెప్పింది విన్నాక నాకు ఇంకా మండింది. ఎస్సై చెప్పిన రూలు నిజమేనట. కొట్టుకుంటే ఆపాలి, దొంగతనమైతే కేసు రాయాలి, అంతవరకే. ఒకరి గదిని తీసి ఇంకొకరి చేతిలో పెట్టే హక్కు వాళ్లకు లేదు. గది వెనక్కి ఇప్పించమని ఆరు నెలల్లోపు దావా వేద్దామన్నాడు. ఒక్క మాట మాత్రం గట్టిగా చెప్పాడు, పోలీసులు గుంజుకున్నారనే చెప్పాలని. నేనే పెట్టానంటే ఇష్టపడి ఇచ్చినట్టు అవుతుందట, గది పోతుందట.

కోర్టులో రెహమాన్ వకీలు అడిగింది కూడా అదే, తాళంచెవి బల్ల మీద ఎవరు పెట్టారని.

"నేనే పెట్టిన," అంది గులాబ్ బీ. "దాచమని పెట్టిన. వానికియ్యమని గాదు."

శాంతికుమార్ తల పట్టుకున్నాడు. గది ఇక పోయినట్టేననుకున్నాను.

పోలేదు. రెండేళ్లకు తీర్పొచ్చింది. దాచమని ఇచ్చినంత మాత్రాన గది వదులుకున్నట్టు కాదని, గది ఆమెకు అప్పగించాలని అన్నారు. తీర్పు అమలు చేయడానికి కోర్టు అమీన్ వచ్చాడు, బందోబస్తుకు ఒక కానిస్టేబుల్‌ను వెంటబెట్టుకుని. తలుపు తీశారు. లోపల మిషన్ లేదు. నేల మీద నాలుగు బోల్టుల గుంతలున్నాయి, అంతే. దాన్ని ఎప్పుడు విప్పి అమ్ముకున్నాడో మాలో ఎవరికీ తెలియదు.

కానిస్టేబుల్ జాలిపడ్డాడు. ఇది దొంగతనమే, స్టేషన్‌కు వస్తే ఫిర్యాదు రాసుకుంటామన్నాడు.

ఆ మాటకు ఆమె మొహం పాలిపోయింది. ఈసారి ఇది నిజంగా వాళ్ల పనేనని నేను చెప్పి చూశాను. ఆమె కదల్లేదు.

"నేనాడికి రాను బిడ్డా. రాస్కునేదుంటే ఈన్నే రాస్కో. గడప బయటనే కూసో."

అతను అమీన్ వైపు చూశాడు. అమీన్ తన కాగితాలు సర్దుకుంటున్నాడు. కానిస్టేబుల్ టోపీ తీసి పక్కన పెట్టి, మెట్టు మీద కూర్చుని, తెల్లకాగితం ఉందా అని నన్ను అడిగాడు.